నా చెవుల జోలికి రావద్దు

నేను ఒక తోలుబొమ్మని. దేవుడిని కాదు, రాక్షసుడినీ కాదు. తూర్పు దిక్కున, లోకం అంచున ఉంటారని పెద్దలు చెప్పుకునే పెద్దచెవుల జాతి నాది. మావాళ్లు పడుకుంటే ఒక చెవి చాప, ఇంకో చెవి దుప్పటి. నవ్వుతారేం? చలికాలం దుప్పటి కోసం మీ ఇళ్లల్లో జరిగే గొడవలు నాకు తెలియవా?

నన్ను చేసింది ధర్మవరం దగ్గర బొమ్మలాట ఆడించే అంజినప్ప. వానరసేన వెతుక్కుంటూ తూర్పుకు పోయే ఘట్టంలో మా జాతి మాట ఒక్కసారి వస్తుంది, అంతే. ఆ ఒక్క మాట కోసం అతను నెల రోజులు కూర్చుని, మేకతోలు మీద నా చెవులు గీసి, ఉలితో చిల్లులు కొట్టాడు. "ఒంటికాలోళ్లు, గుర్రం మూతోళ్లు గూడా ఉండారంట. ముందు వీడు కానీ" అనేవాడు. అన్నీ అయ్యాక, ఆఖరున నా కన్ను తెరిచాడు. తెర మీద నా వేషం రెండు నిమిషాలే. జనం మాత్రం ఆ రెండు నిమిషాలకీ లేచి నిలబడేవాళ్లు.

నా అసలు ఉద్యోగం పెట్టెలో. దేవుళ్ల బొమ్మల్నీ రాక్షసుల బొమ్మల్నీ ఆనించి పెట్టకూడదని బొమ్మలాటవాళ్ల పద్ధతి. పెడితే లోపలే కొట్టుకుని చినిగిపోతారట. మరి మధ్యలో ఎవరుండాలి? ఏ పక్షమూ కానివాడు. అందుకని కింద రాక్షసులు, పైన దేవుళ్లు, నడుమ రెండు చెవులూ పరుచుకుని నేను. అంజినప్ప పోయాక కూడా తొమ్మిదేళ్లు ఆ సరిహద్దు నేనే కాశాను.

ఆటలు తగ్గాయి. కొడుకు నరసోజి తోలుతో ల్యాంప్‌షేడ్లు చేయడం మొదలుపెట్టాడు. తప్పనను, పొయ్యి వెలగాలి కదా. ఒకసారి ఎవరో హోటలువాళ్లు పన్నెండు అడిగారు. పది అయ్యేసరికి తోలు అయిపోయింది. సాయంత్రానికి వాళ్ల బండి వస్తుంది. మిట్టమధ్యాహ్నం నరసోజి పెట్టె తెరిచాడు. దేవుళ్లను కోయాలంటే భయం. రాక్షసులంటే ఇంకా భయం. నేనంటే ఎవరికీ భయం లేదు, అదీ నా ఖర్మ.

"చెవికొకటి, రెండూ అయిపోతాయి" అంటూ కత్తెర పెట్టాడు. కుడిచెవి అంచు రెండు వేళ్ల మేర తెగింది.

రంగు కలుపుతున్న భార్య కమలాక్షి ఆ చప్పుడుకి లేచొచ్చింది.

"ఏం చేస్తాండావు?"

"పనికిరాని బొమ్మే కదమే. చెవులు తీసేస్తే మనిషి మాదిరి చక్కగుంటాడు."

"మనిషైతే మనకెందుకు? ఊరి నిండా ఉండారు."

"హోటలోళ్లకు ఏం చెప్పేది?"

"పదే అయినాయని చెప్పు. అంతగా కావాల్నంటే నీ చెవులు కోసి దీపానికి తగిలీ. మా మామ మాట ఎన్నడూ ఇనలేదు గదా, కొత్తగానే ఉంటాయి!"

నరసోజికి కోపమొచ్చింది. ఆమె అతని చేతిలోంచి నన్ను లాక్కుని ఎండకు ఎత్తిపట్టింది. అంజినప్ప కొట్టిన చిల్లుల్లోంచి వెలుగు కొడుకు చొక్కా మీద చుక్కలు చుక్కలుగా పడింది. అతను కాసేపు తన చొక్కానే చూసుకున్నాడు. కత్తెర పక్కన పెట్టి, సూది వెతుక్కొచ్చి, తెగిన అంచు తనే కుట్టాడు. బండిలో పదే వెళ్లాయి.

కుట్టు వంకరగా వచ్చింది. రానీ. నేను మళ్లీ నడుమ పడుకున్నాను. వింత అనండి, వికారం అనండి, మీ ఇష్టం. కానీ ఈ పెట్టె జాగ్రత్తగా తెరవండి. నన్ను తీసేస్తే పైవాళ్లూ కిందవాళ్లూ ఎదురుబొదురవుతారు. అప్పుడు అడ్డం పడుకోవడానికి మీ చిన్నచెవులవాళ్లలో ఎవడొస్తాడో నేనూ చూస్తాను.