స్టోర్ రూమ్ తాళంచెవి

రఘుపతికి తాళంచెవి ఇచ్చి తన గొయ్యి తానే తవ్వుకున్నానని ఇస్తారికి ఆ ఉదయం తెలిసింది. ఘాలా లేబర్ క్యాంపు రూమ్‌లో డ్యూటీ బూట్లు తొడుక్కుంటుంటే నలుగురు ఒకే ఫోన్ మీద పడి నవ్వుతున్నారు.

"కాకా, వారం సంది తిరుగుతుందంట. మీ హాస్టల్ పిల్లనే! సూడు."

ఇండోనేషియా నుంచి ఈ గల్ఫ్ దేశానికి చదువుకోవడానికొచ్చిన వులాన్. తలమీది గుడ్డ చెదరనివ్వని పిల్ల, వెనక వరండాలో తడి జుట్టు విప్పి ఆరబెట్టుకుంటోంది. ఇంతే వీడియో. తీసింది స్టోర్ రూమ్ కిటికీలోంచి. ఆ కిటికీ ఊచలను ఇస్తారి ఆరేళ్లుగా తుడుస్తున్నాడు.

హాస్టల్లో అతనిది పెరడు, చెత్త, స్టోర్. మధ్యాహ్నం ఒంటిగంట నుంచి మూడింటి దాకా అటు పోడు. ఆ వేళ వరండా ఆడపిల్లలది. ఆ రెండు గంటలే, బస్సులో ఉడికిపోతున్నానని బతిమాలితే, పక్క ఊరివాడు కదా అని పనోళ్ల బస్సు డ్రైవర్ రఘుపతిని స్టోర్‌లో ఏసీ కింద పడుకోనిచ్చాడు.

బస్సెక్కుతూ అడిగాడు. "ఆ వీడియో నువ్వే తీసినవ్ గదరా?"

రఘుపతి అద్దంలోంచే చూశాడు. "నన్నెందుకు అడుగుతరు కాకా? తాళంచెవి ఎవలిది?"

అల్ మవాలేలో హాస్టల్ వార్డెన్ ఇక్బాలున్నీసా, హైదరాబాదామె, ఆఫీసులోకి పిలిచింది. వులాన్ గోడకానుకొని నిలబడి అందరి చేతులకేసి చూస్తోంది, ఎవరి చేతిలో ఫోన్ ఉందోనని.

"సచ్ బోల్ ఇస్తారి. కిటికీ ఎనక ఎవరో ఉన్నరంటది ఈ పిల్ల. స్టోర్‌ల నువ్వు గాక ఎవరన్న ఉంటరా?"

నిజం చెబితే పిల్ల మాట నిలుస్తుంది. తనకు మాత్రం వీసా క్యాన్సిల్. జేబులో తాళంచెవి చెమటకు జారుతోంది.

"ఎవ్వలుండరు మేడం. నా చెవి నా తాన్నే ఉంటది."

"విన్నవా?" వార్డెన్ పిల్లవైపు తిరిగి, ఇస్తారికీ తెలిసిన అరబ్బీలో అంది. "అంటే నువ్వే ఎవరితోనో తీయించుకున్నవ్. ఇంటికి ఫోన్ చేసిన. రమ్మన్నరు."

సాయంత్రం టాక్సీ వచ్చింది. ఇస్తారి పెట్టె అందుకోబోతే వులాన్ చటుక్కున లాక్కుని తానే ఎత్తుకుంది. వరండాలో ఒక్క అమ్మాయి కూడా నిలబడలేదు.

వులాన్ గది ఖాళీ చేయమని ఇస్తారికి చెప్పారు. కిటికీకి సందు లేకుండా పేపర్లు. తలుపు తాళం కంతలో దూది. స్నానాలగదిలో, చెయ్యి పట్టనంత చిన్న గాలి కంతకు, నాలుగు వరసల టేపుతో అతికించిన అరబ్బీ వాచకం అట్ట.