మేలమాడకూడని మరదలు

మా ఊళ్లో ఎవరైనా మిమ్మల్ని "రండి, కూర్చోండి" అని మర్యాద చేశారంటే మురిసిపోకండి. మీమీద వాళ్లకింకా నమ్మకం కుదరలేదని అర్థం. కావలసినవాళ్లకి మేం కుర్చీ వెయ్యం. "వచ్చావా దరిద్రుడా, ముందా తలుపు వెయ్యి, చలి" అంటాం. అందుకే మా మేనల్లుడు లియో కొత్తగా ఊళ్లోకి వచ్చిన ఆ కారిన్‌కి కుర్చీ తుడిచి మరీ వేసినప్పుడు నా ప్రాణం కాస్త కుదుటపడింది. వీడు కూడా నమ్మలేదన్నమాట, బాగుంది అనుకున్నాను.

లియో అంటే మా పోయిన అన్నయ్య కొడుకు. స్కూలు బస్సు నడుపుతాడు. యాభై దాటినా వాడి నోటికి తాళం లేదు. కెనడాలో ఆదివాసులం, మా క్రీ జనంలో బావామరదళ్ల వరస ఉన్నదే ఒకరినొకరు ఏడిపించుకోవడానికి. మరదలు కనిపించినా బావ మేలమాడలేదంటే వాళ్లిద్దరికీ ఏదో తగాదా వచ్చిందని ఊరంతా చెవులు కొరుక్కుంటుంది. అలాంటి లియో కారిన్ ముందు మాత్రం టోపీ తీసి, చేతులు ముందుకు కట్టుకుని, "ప్రయాణం బాగా జరిగిందా అండీ" అని అడిగాడు. ఆవిడ చెప్పేదే నిజమైతే వాడికి ఆవిడ మరదలే అవుతుంది. ఎందుకంటే ఆవిడ మా చెల్లెలు ఫిలొమీన్ కూతుర్నని చెప్పుకుంటూ వచ్చింది.

ఫిలోకి ఒక్కత్తే కూతురు పుట్టింది. నేనప్పుడు పట్నంలో చేపల కంపెనీలో పనిచేస్తున్నాను, ఆ పిల్లని కళ్లతో చూడనేలేదు. రెండు నెలల గుడ్డు. దగ్గు వచ్చిందని సర్కారు వెల్ఫేర్ వాళ్లు విమానంలో విన్నిపెగ్ ఆస్పత్రికి తీసుకుపోయారు. దగ్గు తగ్గింది గానీ పిల్ల తిరిగి రాలేదు. తెల్లవాళ్లకి పెంపకానికి ఇచ్చేశారట, మళ్లీ అడగొద్దన్నారు. ఆ రోజుల్లో మా వైపు పిల్లల్ని పోగొట్టుకోని ఇల్లు లేదు. ఆ పిల్ల పోయిన ఏడాది ఫిలో చచ్చి బతికింది. ఇన్నేళ్ల తర్వాత ఎవరో వచ్చి నేనే అంటే, అది అబద్ధమని తేలితే, ఈసారి బతకదు. నా భయమంతా అదే.

పైగా మేం ఒకసారి మోసపోయి ఉన్నాం. మూడేళ్ల కిందట ఒక ప్రొఫెసరమ్మ వచ్చింది. చెవులకి ఈకలు, మెడలో పూసలు. ముత్తవ్వ మీ ఊరిదే అంది. పాపం అనుకుని అన్నీ నేర్పాం. మా పొయ్యి దగ్గర కూర్చుని మా దుప్పి మాంసమే తిని, పట్నం వెళ్లి మా తరఫున పెద్దమనిషై కూర్చుంది. సభల్లో మా కష్టాలు తలచుకుని ఏడ్చేది. ఆఖరికి తేలిందేమిటంటే ఆవిడ తాతముత్తాతలంతా ఓడ దిగి వచ్చి మా నేల దున్నుకున్నవాళ్లే. మా నేల తీసుకున్నారు, మా పిల్లల్ని తీసుకున్నారు, ఇక మిగిలింది మా పేరొకటి, దానిమీద కూడా కన్నుపడింది. అప్పట్నుంచీ నేను ఎవర్నీ ఊరికే నమ్మను.

కారిన్ ఏం తెచ్చిందో తెలుసా? ఎర్రగుడ్డలో కట్టిన పొగాకు. మా పద్ధతి ప్రకారం పెద్దవాళ్ల ముందు పెట్టి, తలవంచి నిలబడింది.

"ఇదెవరు నేర్పారమ్మా?" అని అడిగాను.

"టొరంటోలో క్లాసు ఉందండీ. అక్కడ నేర్చుకున్నాను."

క్లాసట! నా ఒళ్లు మండిపోయింది. ఆవిడకి యాభై రెండేళ్లు, మనిషి నల్లగా, బుగ్గలు వెడల్పుగా ఉంది, కాదనను. డచ్చి రైతుల ఇంట్లో పెరిగిందట, వాళ్లు చచ్చిపోయే ముందు మా ఊరి పేరు చెప్పారట. ఆ ఏడు మా ఊరినుంచి పోయిన ఆడపిల్ల ఫిలో బిడ్డ ఒక్కత్తే, వయసూ సరిపోయింది. కానీ వయసుదేముంది, వయసు అందరికీ ఉంటుంది.

ఫిలో మాత్రం గుమ్మంలోనే ఆవిడ చేతులు పట్టుకుని, "చలికి గడ్డకట్టుకుపోయావే తల్లీ" అని లోపలికి లాక్కుపోయింది. ఒక్క ప్రశ్న వెయ్యలేదు. ఆ సాయంత్రమే పక్క వేసి ఇచ్చింది.

నేను పక్కకి పిలిచి అడిగాను. "ఫిలో, నీ పిల్లకి ఏమన్నా గుర్తుందా? పుట్టుమచ్చ గానీ, ఏదన్నా గానీ?"

"ఏమోనే అక్కా, నాకు గుర్తులేదు."

"కన్నతల్లివి, గుర్తులేకపోవడమేమిటే?"

"డెబ్బై దాటాయి నాకు. పొద్దున ఏం తిన్నానో గుర్తుండి చావదు" అని విసుక్కుంది. పిచ్చిది, ఆశ దాని కళ్లు కప్పేసింది అనుకున్నాను.

ఈమధ్య గొట్టంలో ఉమ్మి పంపితే చుట్టాలెవరో చెప్పేస్తున్నారు కదా. లియో చేత రెండు గొట్టాలు తెప్పించాను. ఫిలో చచ్చినా ఒప్పుకోలేదు. "నా ఉమ్మి నా నోట్లోనే ఉంటుంది. నా ఇంటికొచ్చిన పిల్లని నేను పరీక్షలు పెట్టను" అంది. సరే, తోడబుట్టినదాన్ని నేను లేనా? నాది ఇచ్చాను. కారిన్‌ని అడిగితే కిక్కురుమనకుండా ఇచ్చింది. "ఫలితం ముందు మీరే చూడండి. చూడ్డానికి నాకు ధైర్యం లేదు" అని లియో ఫోన్ నంబరే రాయించింది. ఇది కూడా నటనేనేమో అని నేను అనుకోకపోలేదు.

ఫలితం రావడానికి చాలా రోజులు పట్టింది. ఆ రోజులన్నీ నేను ఆవిడ వెనకాలే తిరిగాను. చేపలు శుభ్రం చేస్తుంటే చూశాను, గిన్నెలు కడుగుతుంటే చూశాను. ఫోటోలు తీస్తోందా, ఏమన్నా రాసుకుంటోందా అని చూశాను. ఒక్కటీ దొరకలేదు. దొరక్కపోయేసరికి అనుమానం ఇంకా పెరిగింది. ఊళ్లో అందరూ ఆవిడకి సాసరు మీద కప్పు పెట్టి టీ ఇస్తున్నారు. ఒకరోజు ఆవిడ ఫోన్లో ఎవరితోనో, "ఇక్కడివాళ్లు నన్నెంత గౌరవంగా చూస్తున్నారో!" అని చెప్పుకుంటోంది. ఆ మాటకి నవ్వొచ్చింది.

తెల్లచేపల వలలు తీసే రోజుల్లో ఒక పొద్దున మేమంతా ఒడ్డున ఉన్నాం. కారిన్ సాయం చేస్తానని లియో పడవ ఎక్కబోయి, అంచు మీద కాలేసి, దభేలున నీళ్లలో పడింది. మొలలోతే, ప్రమాదమేమీ లేదు. కానీ బూట్ల నిండా నీళ్లతో, జుట్టుకి నాచుతో లేచి నిలబడింది. ఎవరూ నవ్వలేదు. పరాయివాళ్లు పడితే మేం నవ్వం. ఆడవాళ్లు తువ్వాళ్లు పట్టుకుని, "అయ్యయ్యో, దెబ్బ తగిలిందా అండీ" అని వెళ్తున్నారు.

అప్పుడు లియో, ఆ దౌర్భాగ్యుడు, పడవలోంచి తల బయటపెట్టాడు.

"ఏం మరదలా, మా అత్త ఇంట్లో స్నానానికి నీళ్లు కరువయ్యాయా? చెప్తే నేనొచ్చి తోడిపోసేవాణ్ణి కదా!"

తువ్వాళ్లు పట్టుకున్న ఆడవాళ్లు ఎక్కడివాళ్లక్కడ ఆగిపోయారు. వాడి మొహంలో నెత్తురు చుక్క లేదు. నోరు జారిందని వాడికి అప్పుడే తెలిసింది.

కారిన్ పళ్లు టకటక కొట్టుకుంటున్నాయి. మొహం మీది నాచు తీసి వాడి వైపు చూసింది. "ఇలా దిగు బావా. నీ కంపుకి ఈ సరస్సు నాకంటే నీకే ఎక్కువ అవసరం."

ఇంక చూస్కోండి! ముసలాళ్లు కూడా పొట్టలు పట్టుకుని నవ్వారు. ఎవరో తువ్వాలు ఆవిడ మొహం మీదికి విసిరి, "తుడుచుకోవే మొద్దూ" అన్నారు. ఆ మధ్యాహ్నం ఆవిడకి టీ చెవి విరిగిన కప్పులో వచ్చింది.

నేను లియోని గుడిసె వెనక్కి లాక్కెళ్లి వాయించాను. "ఒరేయ్ వెధవా, ఫలితం రాకుండా ఎవడు మేలమాడమన్నాడురా నిన్ను?"

"అలవాటత్తా! పడేసరికి దానంతటదే వచ్చేసింది."

"రేపు పరాయిదని తేలితే ఏం చేస్తావు? మాటైతే వెనక్కి తీసుకోవచ్చు. మేలం ఎలా తీసుకుంటావురా?"

నిజంగానే మాలో అది వెనక్కి తీసుకోవడం కుదరదు. మేలమాడామంటే చుట్టరికం ఒప్పుకున్నట్టే. ఒడ్డున అందరూ విన్నారు.

ఆ తర్వాత వారం తిరక్కుండానే లియో బస్సు మా ఇంటి ముందు ఆగింది. వాడు లోపలికొచ్చి కూర్చోలేదు.

"అత్తా, నీకూ ఆవిడకీ ఏ సంబంధమూ లేదు."

నిజం చెప్పొద్దూ, ముందు నాకు సంతోషమే వేసింది. నేను చెప్పలేదూ అని ఊరంతా చాటాలనిపించింది.

"కానీ ఆవిడ ఉమ్మికి ఇంకో పేరు చూపిస్తోంది అత్తా. తల్లి అని ఉంది. లొరెట్టా అట. మన తూర్పున ఉండే ఓజిబ్వే తెగ మనిషి. ఎప్పుడో ఉమ్మి పంపి, ఫోన్ నంబరు కూడా పెట్టి కూర్చుంది."

ఆ ఆస్పత్రిలో ఎన్ని ఊళ్ల పసివాళ్లు పడుకున్నారో! ఏ పిల్ల ఏ ఊరిదో తెల్లవాళ్లకి ఏం పట్టింది? మా ఊరి పేరు ఈవిడకి తగిలించేసి ఉంటారు. నా సంతోషం చప్పున చల్లారిపోయింది. అబద్ధాలకోరు కాదు ఈవిడ. ఈవిడనీ ఎత్తుకుపోయారు, కాకపోతే మా గుమ్మంలోంచి కాదు. ఇప్పుడు ఈ మాట ఫిలోకి చెప్పాలి. లియోని వెంటబెట్టుకుని వెళ్లాను.

వంటింట్లో కారిన్ రొట్టెకి పిండి పిసుకుతోంది. ఫిలో కిటికీ దగ్గర కూర్చుని తోలుచెప్పు కుడుతోంది. ఎలా మొదలుపెట్టాలో తెలీక ఉన్నమాట అనేశాను. "ఫిలో, గుండె రాయి చేసుకో. ఈ పిల్ల నీ పిల్ల కాదు."

కారిన్ చేతులు పిండిలోనే ఆగిపోయాయి. ఫిలో తల ఎత్తలేదు. దారం పళ్లతో కొరికింది.

"తెలుసు" అంది.

"ఏం తెలుసే?"

"మొదటి రోజు టోపీ తీసినప్పుడే తెలుసు. నా బిడ్డకి ఎడమచెవి తమ్మె పుట్టుకతోనే రెండుగా చీలి ఉంది. దీని చెవులు రెండూ బంగారంలా ఉన్నాయి."

ఇంటిదొంగని దేవుడు కూడా పట్టలేడంటారు, నేనెంత! ఇన్నాళ్లూ వచ్చినదాని వెనక కాపలా కాశాను. అబద్ధం నా తోడబుట్టినదాని నోట్లో ఉంది.

"తెలిసీ ఎందుకు చెప్పలేదు?" కారిన్ అడిగింది. "మీ అక్క నన్ను నమ్మలేదు, సరే, ఆవిడ మొహం మీదే చూపించింది. మీరు రోజూ నాకు జడ వేశారు. అమ్మా అని పిలిపించుకున్నారు."

"చెప్తే వెళ్లిపోయేదానివి" అంది ఫిలో. "నాకు నువ్వు కావాలనిపించింది. అంతే. నిన్ను అడిగేవాళ్లు ఎవరూ లేరనుకున్నాను."

"ఉన్నారత్తా" అన్నాడు లియో మెల్లగా. "తల్లి బతికే ఉంది. ఆరేళ్ల కిందటే ఉమ్మి పంపి ఎదురుచూస్తోంది."

ఫిలో చేతిలో సూది కింద పడింది. "ఆరేళ్లా? నేను ఉమ్మి ఇవ్వనని మొండికేసిన రోజున కూడా ఆవిడ చూస్తూనే ఉందా? ఓరి దేవుడా! నేనూ వాళ్లలాంటిదాన్నే అయ్యాను కదే అక్కా. ఇంకొకత్తి బిడ్డని ఇంట్లో దాచుకున్నాను."

నాకు ఏడుపొచ్చింది. తిట్టాలని వెళ్లినదాన్ని దాని పక్కన కూలబడ్డాను. కారిన్ పిండిచేతులతోనే మొహం కప్పుకుని ఏడుస్తోంది. లియో కిటికీలోంచి బయటికి చూస్తూ ముక్కు తుడుచుకున్నాడు.

"ఆ నంబరు కలుపు" అంది ఫిలో వాడితో.

"నేను మాట్లాడనా?" అన్నాను.

"తప్పు నాది. నేనే మాట్లాడతాను."

లియో స్పీకరు పెట్టాడు. అవతల ఒక ముసలి గొంతు, కరుకుగా ఉంది. ఫిలో ఎవరమో చెప్పింది, కారిన్ గురించి చెప్పింది. వింటూనే ఆవిడ విరుచుకుపడింది.

"ఇదివరకు ఇద్దరు వచ్చారిలా, కూతురినంటూ. ఒకత్తి సర్కారిచ్చే ఆదివాసీ కార్డు కోసం, ఇంకొకత్తి సినిమా తీయడం కోసం. మీకేం కావాలి? అసలు మీరెవరు ఆ మనిషికి?"

"నేనేమీ కాను" అంది ఫిలో. "మీ బిడ్డ దారి తప్పి నా గుమ్మంలోకి వచ్చింది. నాది కాదని తెలిసి కూడా ఇన్నాళ్లు ఉంచేసుకున్నాను. నా బిడ్డని కూడా ఇలాగే పట్టుకుపోయారు, అందుకని పొరపాటున... పొరపాటు కాదులే, కావాలనే చేశాను. మీరు తిట్టండి. కానీ మీ పిల్ల మంచిది. వచ్చి తీసుకెళ్లండి."

అవతలావిడ పెట్టేసిందేమో అని లియో ఫోన్ చూశాడు. పెట్టలేదు, ఊపిరి వినిపిస్తోంది. ఆ తర్వాత ఆ గొంతు మళ్లీ వచ్చింది, ఈసారి కరుకుదనం లేదు.

"పిల్ల ఏమన్నా తిందా?" అని అడిగింది.

ఫిలో ఫోన్ తీసి కారిన్ చేతిలో పెట్టింది.