గాలి బాగోలేదన్నాడు

మా మాయా జాతి భాషలో గాలికి ఒకటే మాట: ఇక్. ముక్కులోకి పోయే గాలీ ఇక్కే, చెట్టును ఊపే గాలీ ఇక్కే, పాడుబడ్డ చోట్ల తిరిగితే మనిషికి సోకే గాలీ ఇక్కే. అవతలివాడు ఏ గాలి గురించి అంటున్నాడో మాకు అడగకుండానే అర్థమవుతుంది. అలా అర్థమవుతుందని పద్దెనిమిదేళ్లుగా విదేశాల వాళ్ల ముందు గొప్పలు చెప్పుకున్నాను. నా నోరు పడిపోను! ఆ రోజు మా అన్న నోట ఆ మాట వచ్చినప్పుడు మాత్రం నాకు వేరే గాలి అర్థమైంది.

నా పేరు విల్బెర్త్ ఉయికాబ్. వయ్యదొలిద్ పట్నంలో హోటళ్ల దగ్గర జనాన్ని వ్యానెక్కించుకుంటాను. పొద్దున మా పెద్దల కాలంనాటి శిథిలాలు, మధ్యాహ్నం మా ఊరి సెనోటెలో ఈత, ఆ పైన భోజనం. మా సెనోటె పైకి కనబడదు. అడవిలో నేల మీద మనిషి పట్టేంత కంత, దాని కింద చర్చి అంత గుహ, గుహ అడుగున నీలంగా నీళ్లు. చెక్క మెట్లు ముప్పై నాలుగు. ఆ మెట్ల కాపలా మా అన్న నజారియోది.

అన్న నాకంటే పదకొండేళ్లు పెద్ద. చిన్నప్పటి నుంచి నాన్నతో కలిసి రాతి నేలలో బావులు తవ్వాడు. నేను ఒక్క బావి కూడా దిగలేదు. చదువుకుంటానని పట్నం పోయి, ఇంగ్లీషు నేర్చుకుని, మెడలో గైడు బిళ్ల వేసుకుని తిరిగొచ్చాను. అన్నకి మాటలు తక్కువ. నాలుగు మాటల్లో చెప్పాల్సింది ఒక్క మాటలో చెప్పి, మిగతాది నువ్వే తెలుసుకోవాలన్నట్టు చూస్తాడు. ఆ చూపంటేనే నాకు ఒళ్లు మండేది.

అక్టోబరు నెల. పది రోజుల కిందటి తుపానుకి ఒక పెద్ద చెట్టు కూలి, గుహకి వెనకవైపున్న రెండో కంతను పూర్తిగా మూసేసింది. కొమ్మలూ ఆకులూ గుహలోకి కూరుకుపోయి కుళ్లుతున్నాయి. "నరికిద్దాం రా," అని అన్న రెండుసార్లు కబురు చేశాడు. "వచ్చే వారం చూద్దాంలే," అన్నది నేనే.

ఆ రోజు వ్యానులో ఐదుగురు. కెనడా నుంచి వచ్చిన ఓవెన్, అతని తొమ్మిదేళ్ల కూతురు టెస్సా, వాళ్లు కాక, కలిసి ఊళ్లు చూడ్డానికొచ్చిన ముగ్గురు స్నేహితురాళ్లు. శిథిలాల దగ్గర ఒక్క ఆకు కదలడం లేదు. రాళ్ల మీద అడుగేస్తే కాలుతోంది. టెస్సా నా చెయ్యి వదల్లేదు, ప్రశ్నలే ప్రశ్నలు.

"ఈ ఇళ్లల్లో ఇప్పుడెవరున్నారు?"

"గాలులున్నాయి తల్లీ. ఇక్కడ గట్టిగా అరిస్తే వెంటపడి ఇంటిదాకా వస్తాయి."

"వస్తే ఏం చేస్తాయి?"

"తలనొప్పి తెస్తాయి. ఊపిరాడనివ్వవు. మనిషిని నిద్రలోనే తీసుకుపోతాయి."

ఆ పిల్ల కళ్లు పెద్దవి చేసుకుని నాన్న వెనక్కి నక్కింది. అందరూ నవ్వారు. నాకు కావాల్సిందీ అదే.

సెనోటె దగ్గరికి వెళ్లేసరికి అన్న మెట్ల మొదట్లో అడ్డంగా కూచుని ఉన్నాడు, టోపీ మోకాలి మీద పెట్టుకుని. జనాన్ని చూసి లేవలేదు.

"తమ్ముడూ, ఇవాళ వీళ్లని దింపకు," అన్నాడు మా భాషలో.

"ఏమైంది?"

"గాలి బాగోలేదు."

"ఎందుకట? ఎవరి మీద అలిగింది?"

"వెకిలి వేషాలెయ్యకు. లోపల గూళ్లున్న పిట్టలు నిన్నట్నించి లోపలికి పోవట్లేదు. బయటే తిరుగుతున్నాయి."

నిజంగానే పిట్టలు కంత మీద చుట్టూ తిరుగుతున్నాయి, దిగడం లేదు. చూశాను. చూసి కూడా నా బుర్ర వేరే దారిలో పోయింది. తుపాను వెళ్లాక అన్న ఒక మాట చెప్పాడు, నీళ్ల దగ్గరుండే గాలులకి సకా పోసి మొక్కమని. సకా అంటే మేం మొక్కజొన్నతో చేసి నైవేద్యం పెట్టే తెల్లటి జావ. నేను మొక్కలేదు సరికదా, జనం ముందు అన్న గొంతు పెట్టి ఆ మాటలు అనుకరించి నవ్వించాను. అది అతని చెవిన పడింది. అప్పట్నించి నాతో మాట్లాడటం మానేశాడు. ఇప్పుడు ఆ కక్షే ఇలా తీర్చుకుంటున్నాడనుకున్నాను. బావులు తవ్వినవాడు గాలి గురించి చెబుతుంటే, నాకు అలిగిన ముసలాడు కనిపించాడు.

"సరే అన్నయ్యా, తప్పు నాదే. నువ్వన్నట్టే సకా పోస్తా. అప్పుడు దింపొచ్చు కదా?"

అన్న టోపీ పెట్టుకుని లేచాడు. అతనికి భక్తి ఎక్కువ. మొక్కుతానన్న మనిషిని వద్దనలేడు.

"పోస్తే మంచిదే. పోసి ఆగు. నేను ఇంటికెళ్లి కొవ్వొత్తి తెస్తా."

కొవ్వొత్తి అంటే మొక్కుకే అనుకున్నాను. ఆగమన్నదీ అందుకే అనుకున్నాను. సకా పోశాక గాలులు తాగేదాకా దూరంగా నిలబడాలి, అది మా పద్ధతి. అన్న గబగబా వెళ్లిపోయాడు. అతను అంత వేగంగా నడవడం నేనెప్పుడూ చూడలేదు, అయినా బుద్ధి రాలేదు నాకు.

దగ్గర్లోని ఇంటి నుంచి సకా తెప్పించి, ఆకు దొప్పలో పోసి, నాలుగు దిక్కులకీ చూపించి మొక్కాను. జనం ఫొటోలు తీశారు. ఒకావిడ కళ్లు తుడుచుకుంది కూడా. మొక్కు బాగానే కుదిరిందని నన్ను నేనే మెచ్చుకున్నాను.

ఇక ఆగడం. అవతల రెండింటికి భోజనం సిద్ధం. మట్టిగుంటలో కాల్చిన కోళ్లు తీసేస్తున్నామని వంటావిడ ఫోన్ చేసింది. వీళ్లు చెమటలు కక్కుతున్నారు. పిల్ల, "ఎప్పుడు దిగుతాం, ఎప్పుడు దిగుతాం?" అని గంతులేస్తోంది. గాలులు రోజూ తాగే సకాయే కదా, త్వరగానే తాగి ఉంటాయి పొండి, అని నాలో నేనే జోకేసుకున్నాను.

"దిగండి," అన్నాను.

ఐదుగురూ దిగారు. నేను పైనే ఉన్నాను, వంటావిడతో ఇంకో మాట మాట్లాడుతూ. కింద నుంచి కేకలు, నవ్వులు, నీళ్లలో దూకిన చప్పుళ్లు. కాసేపటికి నవ్వులు తగ్గాయి. చన్నీళ్లకి నోళ్లు మూతపడ్డాయనుకున్నాను. ఒకావిడ మధ్యలోనే పైకొచ్చేసింది. మెట్టు మెట్టుకీ ఆగుతూ వచ్చి, తల బద్దలైపోతోందని నేల మీద కూలబడింది.

"ఎండ దెబ్బ. నీళ్లు తాగండి," అన్నాను. అక్షరాలా అదే అన్నాను. ఇప్పుడు తలచుకుంటే నా చెంపలు నేనే వాయించుకోవాలనిపిస్తుంది.

అప్పుడొచ్చాడు అన్న. ఒక చేతిలో రేకు బకెట్టు, ఇంకో చేతిలో తాడు. బకెట్టు లోపల కొవ్వొత్తి నిలబెట్టి ఉంది. మెట్ల మొదట్లో విడిచిన చెప్పులు చూశాడు.

"ఎవరివివి?"

"వాళ్లవే. దిగి పది నిమిషాలైంది."

అన్న నన్ను తిట్టలేదు. కొవ్వొత్తి వెలిగించి, బకెట్టును తాడుతో కంతలోంచి దింపాడు. పది మెట్ల లోతుదాకా మంట నిటారుగా ఉంది. ఇరవై దగ్గర పొట్టిదైంది. నీళ్లకి ఇంకా మనిషెత్తు ఉందనగా ఆరిపోయింది. ఏ గాలీ వీచలేదు, ఎవరూ ఊదలేదు. మంట అలా కుంచించుకుపోయి లేకుండా పోయింది.

నాన్న బావి దిగేముందు ప్రతిసారీ చేసే పని అది. కుళ్లు ఆవిరి బరువుగా అడుగున చేరితే మనిషికి ఊపిరాడదు. చిన్నప్పుడు గట్టు మీద కూచుని నేనూ చూశాను. అన్న ఏ గాలి గురించి చెప్పాడో అప్పుడు తెలిసింది.

"నేను దిగుతా," అన్నాను.

అన్న నా రొమ్ము మీద చెయ్యేసి వెనక్కి నెట్టాడు. "నీకు ఊపిరి బిగబట్టడం రాదు. వాళ్లకి నా భాష రాదు. నువ్వు కేకలెయ్యి, నేను తెస్తా."

అరిచాను. గొంతు చీలేలా ఇంగ్లీషులో అరిచాను, పైకి రండి, లోపల ఊపిరాడదు, పరిగెత్తండి అని. కింద ఎవరో నవ్వారు. పొద్దుటి నుంచి నేను చెప్పిన కథల్లో ఇదీ ఒకటనుకున్నారు. దేవుడా, ఆ నవ్వు! తల్లి మీద ఒట్టు, నిజం, అని అరిచాను. రెండో ఆవిడ లేచి మెట్లు పట్టుకుంది. ఆమె వెనక ఓవెన్, పసిపిల్లాడిలా నాలుగు కాళ్ల మీద పాకుతూ. అతని కళ్లు తేలిపోతున్నాయి.

"టెస్సా ఏది?"

"నిద్రపోతోంది," అన్నాడు. ఏమన్నాడో అతనికే తెలియడం లేదు.

పిల్ల నీళ్ల పక్కనున్న చెక్క బల్ల మీద పడుకుని ఉంది. అన్నిటికంటే కింద ఉన్నది ఆ బల్లే. అన్న గుండెల నిండా ఊపిరి పీల్చి, నోరు బిగించి, మెట్లు చకచకా దిగిపోయాడు. పిల్లని భుజాన వేసుకుని వచ్చాడు. నేను కంత దగ్గర బోర్లా పడుకుని అందుకున్నాను. పెదాలు నల్లబడ్డాయి. వీపు మీద చరిచాను. దగ్గింది, కక్కింది, ఏడ్చింది. అంత తియ్యటి ఏడుపు నేనింతవరకూ వినలేదు.

మూడో ఆవిడ ఇంకా నీళ్లలోనే ఉంది, తాడు పట్టుకుని వేలాడుతూ. అన్న తల బయటపెట్టి రెండు ఊపిర్లు పీల్చాడు.

"చాలన్నయ్యా, ఆగు, జనాన్ని పిలుస్తా!"

"అప్పటిదాకా ఆగదు," అన్నాడు. మళ్లీ దిగాడు.

ఆవిడ బరువుగా ఉంది. లాగాడు, మెట్ల మీదికి ఎత్తాడు, కింద నుంచి భుజంతో తోశాడు. ఆమె చెయ్యి నాకు దొరికింది. ఓవెనూ నేనూ కలిసి పైకి ఈడ్చాం. ఆమెను వదిలి రెండో చెయ్యి అన్నకి చాపాను. ఆరు మెట్ల కింద ఉన్నాడు. నన్ను చూసి ఏదో చెప్పబోయి నోరు తెరిచాడు. బిగబట్టిన ఊపిరి కింద ఆవిణ్ని ఎత్తేటప్పుడే అయిపోయి, ఆ కుళ్లు ఆవిరే పీల్చి ఉంటాడు. పొలం నుంచి వచ్చి అలిసిన మనిషి కూచున్నట్టు మెట్టు మీద కూచున్నాడు. తర్వాత జారిపోయాడు.

నేను దూకాను. ఎన్ని మెట్లు దిగానో తెలియదు. తలలో సమ్మెటపోట్లు, కళ్లు చీకట్లు. ఓవెన్ నా నడుం బెల్టు పట్టుకుని వెనక్కి లాగాడు. లాగకపోయి ఉంటే బాగుండేదని అతన్ని చాలాసార్లు తిట్టుకున్నాను.

ఊరివాళ్లు వచ్చి ఆ కూలిన చెట్టు నరికి, రెండో కంత తెరిచి, లోపలికి గాలి ఆడాక అన్నని పైకి తెచ్చారు. రెండు గంటలు పట్టింది. ఐదుగురు విదేశీయులూ బతికారు.

ఊరంతా ఒకటే మాట అంది: గాలి తీసుకుపోయింది. ముసలమ్మలు నా తల నిమిరి, "సకా పోశావు, మొక్కావు, ఇంకేం చేస్తావు నాయనా? గాలికి వాడే కావాల్సొచ్చాడు," అన్నారు. నేను తలూపాను. ఆ ఒక్క మాటలో నా తప్పు మొత్తం దాక్కుంటుంటే సిగ్గులేకుండా దాచుకున్నాను. ఎనిమిది రోజులు అలాగే గడిపాను.

తొమ్మిదో రోజు ప్రార్థనలకి జనం రాకముందే వదిన దగ్గరికి వెళ్లాను. వదిన గౌదెన్సియా పొయ్యి ముందు కూచుని పిండి ముద్దలు చేస్తోంది. ఇక దాచలేకపోయాను.

"వదినా, అన్న చెప్పింది సోకే గాలి కాదు. పీల్చే గాలి. నాకు అర్థం కాలేదు. ఆగమన్నాడు, ఆగలేదు. నేనే చంపుకున్నాను వదినా."

కొడుతుందనుకున్నాను. కొడితే బాగుండనిపించింది. ఆమె ముద్ద పక్కన పెట్టి, చేతులు గౌనుకి తుడుచుకుంది.

"నాకు తెలుసు," అంది. "కొవ్వొత్తి కోసం పరిగెత్తుకుంటూ వచ్చాడు. ఒళ్లంతా చెమట. ఎందుకంత తొందర అన్నా. లోపల ఊపిరాడేట్టు లేదు, చూడాలన్నాడు. మనుషుల్ని దింపలేదు కదా అన్నా. లేదు, తమ్ముడు ఆగుతాడు అన్నాడు."

ఆమె పొయ్యిలోకి పుల్ల ఎగదోసింది.

"ఆగుతాడంటే, మరి ఈ ఎండలో వచ్చావు, కాస్త పొసోల్ అంబలి తాగి వెళ్లమన్నా. వద్దన్నాడు. నేనే చెయ్యి పట్టుకుని కూచోబెట్టా. మొదటి గిన్నె గటగటా తాగేసి లేవబోతుంటే రెండోది పోసి, మెల్లగా తాగమని పావుగంట కదలనివ్వలేదు." వదిన నావైపు తిరిగింది. ఆమె కళ్లల్లో నీళ్లు లేవు. "నువ్వు అక్కడున్నావుగా, నీకు తెలుస్తుంది. ఆ రెండో గిన్నె పోయకపోతే, వాళ్లు దిగకముందే చేరేవాడా?"

చేరేవాడు. లెక్క నాకు తెలుసు. వాళ్లు దిగింది, అతను వచ్చింది, మధ్య పది నిమిషాలు.

"లేదు వదినా. ఎలాగూ చేరేవాడు కాదు," అన్నాను.

నమ్మిందో లేదో తెలియదు. బయట జనం వస్తున్న అలికిడైంది, ఆమె పిండి ముద్ద మళ్లీ చేతిలోకి తీసుకుంది.