జోలపాటలో కాలువ

ధవళేశ్వరంలో మహాలక్ష్మమ్మగారి మామగారు బంగార్రాజుగారు ఏటేటా బాటసారులకు చలివేంద్రం నడిపిన మనిషి. అత్తగారు వీరమ్మగారు, పురుడు వచ్చిన ఏ యింటికైనా పిలవకుండానే వెళ్ళి జోల పాడివచ్చిన ఇల్లాలు. ఆవిడ కాలం చేశాక ఆ పాటలు క్యాసెట్టులోనుండి మహాలక్ష్మమ్మగారి మనుమడు సుధాకర్ కంప్యూటర్‌లోకి చేరాయి.

భోజనాలయ్యాక పాట పెట్టేవారు. పెట్టగానే గదిలోకి కాలువనీరు వచ్చేది. ఆడవాళ్ళు కుచ్చిళ్ళు ఎత్తి దోపుకొనేవారు. బియ్యం బస్తా బల్లమీదికి చేరేది. ఆ యింటి బిడ్డలందరూ ఆ నీటిమీద వెదురుబుట్టలో తేలుతూ నిద్రపోయినవారే.

2007 వేసవిలో సుధాకర్ కంప్యూటర్‌లో కొత్త ఆపరేటింగ్ సిస్టమ్ ఎక్కించాడు. పాటల ప్లేయర్ తెరుచుకోలేదు.

"దాన్ని చేసినవాళ్ళే ఆపేశారు మామ్మా. వేరేది పెడతాను."

"ఆపేముందు ఒక మాట చెప్పొద్దూ? పాలవాడైనా చెబుతాడు."

సుధాకర్ భార్య దుర్గాశ్రీ నవ్వలేదు. నెలలు నిండకుండా పుట్టిన ఆమె కూతురు నిద్ర లేక, పాలు పట్టక, నానాటికీ తేలికైపోతున్నది. రేపటికి బరువు పెరగకపోతే రాజమండ్రి ఆసుపత్రిలో చేర్చి గాజుపెట్టెలో ఉంచాలన్నారు డాక్టరుగారు.

కొత్త ప్లేయర్‌లో వీరమ్మగారి గొంతు అద్దంలా పలికింది. నేల మాత్రం పొడిగానే ఉన్నది.

"ఇంత శుభ్రంగా ఉందేంటిరా? అత్తయ్యగారు కాలువరేవులో కూర్చుని పాడారు. ఆ నీళ్ళ చప్పుడేదీ?"

"గరగరంతా ఇది తీసేస్తుంది మామ్మా. మంచిదే కదా అని ఉంచేశాను."

"మంచిదే. వేసవిలో లాకులవాళ్ళు నీళ్ళు ఆపేసినట్టు, కాలువ కట్టేసింది నీ ప్లేయరు."

సుధాకర్ ఆ సదుపాయాన్ని తీసివేశాడు. నీరు వచ్చింది గాని, కాలివేళ్ళు తడిసేటంతే. బుట్ట కదలలేదు.

పెద్దలు పాడుతుండగా గొంతు కలపడం ఆ యింట మర్యాద కాదు. అత్తగారి పాట వినిపిస్తున్నంతసేపూ మహాలక్ష్మమ్మగారు ఏనాడూ పెదవి విప్పి ఎరుగరు.

"మీరూ పాడండి మామ్మగారూ," అన్నది దుర్గాశ్రీ.

"అత్తగారి ఎదుటా?"

"నాకు మర్యాద తెలియదనుకోండి. నా పిల్ల నాకు దక్కాలండి."

మహాలక్ష్మమ్మగారు కుచ్చిళ్ళు దోపుకొని, కంప్యూటర్‌కు నమస్కరించి, రెండవ చరణంలో గొంతు కలిపారు. నీరు చీలమండలు దాటింది. బుట్ట నేలను విడిచి, బీరువాదాకా వెళ్ళి, మెల్లగా తిరిగివచ్చేసరికి బిడ్డ నిద్రపోయింది. సాయంత్రం ఆకలితో ఏడ్చి లేచి, కడుపునిండా పాలు తాగింది. మరునాడు తూచి చూసిన డాక్టరుగారు రాజమండ్రి మాట ఎత్తలేదు.

ఆ యేడు మహాలక్ష్మమ్మగారు దుర్గాశ్రీకి అప్పగించినవి: వీరమ్మగారి జోలపాటలు, వెదురుబుట్ట, పెద్దల పాటలో గొంతు కలపడానికి అనుమతి. నగలు కూతుళ్ళకు ఇచ్చారు.