చివరి అర నిమిషం

పౌడరు అద్దుకుంటున్న కోటేష్ చెయ్యి ఆపి పైకి చూశాడు. ఫ్యాను మళ్లీ కిర్రుమంటోంది. ఆపితే చెమటకు పౌడరు కారుతుంది, తిప్పితే వార్తల్లో వినపడుతుంది. పంతొమ్మిదేళ్లుగా ఇదే గోల. ఇవాళ్టితో సరి. దమ్మపేట జనమంతా ఫోన్లకు అతుక్కుపోయాక కేబుల్ వార్తలు ఎవరిక్కావాలని, యజమాని భద్రయ్య ఈ ఏడింటి బులెటిన్‌తో ఛానెల్ మూసేస్తున్నాడు.

హైదరాబాదులో వార్తలు చదవాలని తండా నుంచి బయల్దేరిన మనిషి ఈ గది దాటలేదు. చదివిందల్లా కరెంటు కోతలు, చావు కబుర్లు, తప్పిపోయిన పశువులు. సంతలో కనపడితే "ఆవుల సారు" అంటారు. పేరు ఒక్కరికీ తెలీదు. చెప్పుకోనిస్తే కదా! ప్రకటనలకే టైం చాలదనేవాడు భద్రయ్య. ఇవాళ మాత్రం దయతలచి చివర్లో అర నిమిషం ఇచ్చాడు. "నేను, మీ బానోత్ కోటేష్" అని మొదలుపెట్టి, మూడు రోజులు కొట్టేసి, దిద్ది, తొమ్మిది వాక్యాలు రాసుకున్నాడు.

ఏడుకు పది నిమిషాలుండగా అడవి పక్క ఊరి నుంచి నాగక్క దిగింది. మోకాళ్ల దాకా బురద, చేతిలో చిన్న కర్రగంట.

"ఆవు పోయింది సారూ. ఐదు దినాలాయె. టీవీల చెప్పు."

"మీ ఊళ్లె టీవీ ఉన్నదా?"

"యాడిది?"

"మరి ఎవరు చూస్తరమ్మా?"

"మేం చూస్తే ఏం లాభం? ఆవు పోయిన ఊరోళ్లు చూడాలె గద."

కోటేష్‌కు ఒళ్లు మండింది. అయినా పెన్ను తీశాడు.

"సరే, రంగేంది?"

"అడివిల అన్నీ ఎర్రావులే. సప్పుడు ఇనిపియ్యి. ఇది దూడ గంట. తల్లి మెడల గంట గూడ ఇదే కొయ్యది, ఒక్క తీరు మోగుతది. దూడ పాలకు ఏడుస్తాంది సారూ."

"జాగా లేదు," అన్నాడు భద్రయ్య కెమెరా వెనక నుంచి. "పెట్టాలంటే నీ అర నిమిషంల పెట్టుకో."

కోటేష్ నాగక్కను తిట్టాడు, ఆవును తిట్టాడు, అడవిని తిట్టాడు. అన్నీ లోపలే. నిజంగానే ఏడుపొచ్చింది. కాగితం మడిచి పక్కన పెట్టాడు.

వార్తలు ముగిశాక మైకు దగ్గర గంట ఊపాడు. "ఈ చప్పుడు ఎక్కడైనా వింటే వెంటనే ఫోన్ చేయగలరు." మళ్లీ ఊపాడు. నమస్కారం సగంలో ఉండగానే ఎర్రలైటు ఆరింది.

భద్రయ్య తీగలు పీకుతుంటే ఫోన్ మోగింది.

"ఆవుల సారేనా? నేను ముత్యాలును, పక్కూరు. గిట్లనే మోగే ఆవొకటి మా తోటల తిరుగుతాంది. మీ టీవీ సప్పుడు ఇని వాకిట్లకొచ్చింది. మల్లోసారి కొట్టు సారూ, పోయేటట్టున్నది!"

కొట్టడానికి ఛానెల్ ఎక్కడుంది?

"ఫోన్ ఆవు దిక్కు పెట్టు," అని అరిచి, కోటేష్ గంటను ఫోన్ దగ్గర చెయ్యి నొప్పి పుట్టేదాకా ఊపాడు.

"కట్టేసిన," అన్నాడు ముత్యాలు రొప్పుతూ. "ఇంతకూ ఆవుల సారేనా మాట్లాడేది?"

కోటేష్ మడిచిన కాగితం వంక చూశాడు.

"అవ్. ఆవుల సారునే."

నాగక్క దండం పెట్టి, గంట సంగతే మరిచి ఆటో కోసం పరుగెత్తింది. కోటేష్ పౌడరు తుడుచుకుని మెట్లు దిగాడు. భద్రయ్య తాళం వేశాడు. ఫ్యాను ఆపడం ఎవరికీ గుర్తులేదు. దాని గాలికి లేవబోతున్న తొమ్మిది వాక్యాల కాగితం మీద దూడ గంట ఉండిపోయింది.