తలుపు తియ్యని చెన్సా

ఓట్లడగడానికి వచ్చిన డాక్టర్ తొన్నా ఎదురింట్లో బాదం కేకు రెండో ముక్క కూడా తీసుకున్నాడు. చెన్సా తన వాకిట్లో, ఒళ్ళో లేసు దిండు పెట్టుకుని, చేతిలో కండెలు ఆడిస్తూ అంతా చూసింది. లేసులో ఆకు రావలసిన చోట ఏదో ముద్ద వచ్చింది.

మొదటి ముక్క ఎవరైనా మర్యాదకు తింటారు. ఈస్టరు ముందు ఉపవాసాల్లో చేసే ఆ కేకులో వెన్నా ఉండదు, గుడ్డూ ఉండదు. అందులోనూ రోజినా చేతి కేకు, దాంతో గోడకు మేకు దిగ్గొట్టొచ్చు. అలాంటిది రెండో ముక్క తీసుకున్నాడు, పైగా వేళ్ళు నాక్కున్నాడు.

రోజినా ఎవరో కాదు, చెన్సా ఆడపడుచే. మొగుడు సాల్వుకు స్వయానా చెల్లెలు. పెళ్ళయిన నాటి నుంచీ వదినా ఆడపడుచులిద్దరూ ఆ వీధికి అటొకరు ఇటొకరుగా కాపురాలు చేస్తున్నారు. ఒకరింట్లో ఉల్లిపాయ వేగితే రెండో ఇంట్లో వాసన మీద వ్యాఖ్యానం నడుస్తుంది. రోజినాకు పార్టీ అంటూ ఏదీ లేదు. ఓసారి ఇటు, ఓసారి అటు. ఈసారి ఎటో ఆఖరి ఆదివారం దాకా ఆవిడకే తెలియదు, లేదా తెలియనట్టు నటిస్తుంది.

చెన్సా అలా కాదు. ఆమె తాత పార్టీ జెండా మోశాడు. తండ్రి ఆ జెండా కోసం బుర్ర పగలగొట్టించుకున్నాడు. ఇక చెన్సా, పోలింగు రోజున కోడి కంటే ముందు లేచి, వీధిలోని ముసలీ ముతకా అందర్నీ తలుపు తట్టి లేపి, పార్టీ కార్లో ఎక్కించి, ఓటు వేయించి దించేదాకా మంచినీళ్ళయినా ముట్టని మనిషి.

డాక్టరు ఎట్టకేలకు వీధి దాటి వచ్చాడు. చెన్సా ముందుగదిలో పెళ్ళినాటి కప్పులు బయటికి తీసి, గుండ్రంగా చుట్టి కాల్చిన తేనె కడియాలు పళ్ళెంలో సర్ది, పొద్దుటి నుంచీ ఎదురుచూస్తోంది. ఆయన గుమ్మంలోనే ఆగి, తలుపు మీద ఒక చెయ్యి వేసి నిలబడ్డాడు.

"చెన్సా! నువ్వు ఇంటిమనిషివి. నీకు నేను చెప్పేదేముంది?"

"లోపలికి రండి డాక్టరుగారూ. కాఫీ అయినా..."

"నీ దగ్గర నాకు మొహమాటమా? ఇంకా పైవీధంతా మిగిలే ఉంది. ఇదిగో, ఇవి పంచిపెట్టు." ఆమె చేతుల్లో ఆయన నవ్వుమొహం అచ్చేసిన కరపత్రాల కట్ట పడింది.

"మా గ్రాజియెల్లా బదిలీ సంగతి..."

"గుర్తుంది, గుర్తుంది!" అన్నాడు. ఆ రెండో 'గుర్తుంది' కార్లోంచి వినిపించింది.

ఎదురింటి గుమ్మంలో రోజినా కేకు పళ్ళెం పట్టుకుని నిలబడే ఉంది. "డాక్టరుగారు కూర్చోలేదేం వదినా? తొందరేమో పాపం!"

"ఆయన్ని కట్టేసి కూర్చోబెట్టే అవసరం మాకు లేదులే," అంది చెన్సా. అని లోపలికి వెళ్ళి, పెళ్ళినాటి కప్పులు మళ్ళీ బీరువాలో పెట్టేసింది.

గ్రాజియెల్లా చెన్సాకు ఒక్కతే కూతురు. రోజూ చీకటితో లేచి, రేవుకు వెళ్ళి, పడవ మీద పెద్ద దీవి మాల్టా చేరి, అక్కడి నుంచి బస్సులో వలెట్టాలోని సర్కారు ఆఫీసుకు పోతుంది. తిరిగి తమ చిన్నదీవి గోజో చేరేసరికి ఆమె చిన్నారి కూతురు అమ్మమ్మ ఒళ్ళో నిద్రపోయి ఉంటుంది. ఆ పిల్ల ఈమధ్య చెన్సానే అమ్మా అని పిలవడం మొదలుపెట్టింది. అది విని గ్రాజియెల్లా నవ్వింది గానీ, తర్వాత వంటింట్లోకి వెళ్ళి చాలాసేపు బయటికి రాలేదు. గోజోలోని ఆఫీసుకు బదిలీ అయితే చాలు. రోజూ పడవెక్కి ఉద్యోగాలకు పోయే వాళ్ళంతా కోరేది అదొక్కటే. రోజినా కొడుక్కి పోయిన ఎన్నికలప్పుడే వచ్చింది. వాడిప్పుడు ఎండెక్కాక ఆవలిస్తూ ఆఫీసుకు నడిచి వెళ్తాడు.

వాడలా ఆవలిస్తూ పోవడం చూసినప్పుడల్లా చెన్సాకు కడుపులో నిప్పులు పోసినట్టుండేది. కూతురి కష్టానికి సగం, ఆ ఆవలింతకు సగం. నిజం చెప్పాలంటే ఆవలింతకే కాస్త ఎక్కువ.

రాత్రి చేపల పులుసులో రొట్టె ముంచుకుంటూ సాల్వు నింపాదిగా అన్నాడు. "పెరటి చెట్టు మందుకు పనికిరాదే. నువ్వు ఆ డాక్టరుకి పెరటి చెట్టువి."

"అడగంది అమ్మయినా పెట్టదంటారు. నేను అడిగానుగా!"

"అడిగావు. పెట్టకపోతే ఏం చేస్తావో చెప్పావా? మా చెల్లికి పెట్టకపోతే అది ఏం చేస్తుందో దేవుడిక్కూడా తెలీదు. అందుకే దానికి ముందు పెడతారు."

ఆ ఆదివారం చర్చిలో పాదిరీగారు తప్పిపోయిన గొర్రె కథ చెప్పారు. కాపరి మంద మొత్తాన్ని వదిలేసి, తప్పిపోయిన దాన్ని వెతికి, భుజాల మీద మోసుకొచ్చాడట. జనమంతా కళ్ళొత్తుకున్నారు. చెన్సా మాత్రం రెండు వరసల ముందు కూర్చున్న రోజినా కొత్త టోపీ వైపే చూస్తూ, 'తప్పిపోని గొర్రెల్ని ఎవడు మోశాడట?' అనుకుంది. ఇంటికి వచ్చీ రావడంతోనే మేడెక్కి, ప్రచారం మొదలైన రోజు నుంచీ ఎగురుతున్న పార్టీ జెండా దించి, మడత పెట్టి, బీరువాలో దుప్పట్ల కింద పెట్టింది.

ఆ వారంలోనే పోలీసు ఓటు కాగితాలు పట్టుకుని వీధిలోకి వచ్చాడు. మా దీవిలో ఆ కాగితం లేందే ఓటు లేదు. పోలీసు వచ్చినప్పుడు ఇంట్లో లేనివాళ్ళు స్టేషనుకు వెళ్ళి తెచ్చుకోవాలి. ఎవరు తెచ్చుకోలేదో పార్టీలకు ఏరోజుకారోజు తెలిసిపోతుంది. అలక తీర్చాలని చూసేవాడికి అలిగినవాళ్ళ పేర్లు అంత తేలిగ్గా మరెక్కడా దొరకవు.

పోలీసు తలుపు తట్టాడు. చెన్సా లోపల కుర్చీలో కదలకుండా కూర్చుంది. సాల్వు టమాటా మళ్ళలో ఉన్నాడు. పోలీసు మళ్ళీ తట్టాడు.

"ఉంది, ఉంది! లోపలే ఉంది మా వదిన! గట్టిగా కొట్టు నాయనా, చెవుడేమో!" రోజినా తన కిటికీలోంచి వీధంతా వినబడేలా అరిచింది.

చెన్సా ఊపిరి బిగబట్టింది. జన్మలో మొదటిసారి ఆ కాగితం ఆమె గుమ్మం దాకా వచ్చి వెనక్కి పోయింది. తండ్రి ఫోటో వైపు చూడబోయి మానుకుంది.

మొదట పార్టీ ఆఫీసు నుంచి ఒక అమ్మాయి ఫోను చేసింది. "ఒంట్లో బావుందా ఆంటీ? మీ కాగితం ఇంకా స్టేషనులోనే ఉందట."

"ఉంటే ఉండనీ," అంది చెన్సా.

మర్నాడు డాక్టరే వచ్చాడు. నేరుగా వచ్చాడు, రోజినా ఇంటివైపు తల అయినా తిప్పలేదు. ఈసారి తలుపు మీద చెయ్యి వెయ్యలేదు, టోపీ తీసి లోపలికి వచ్చి సోఫాలో కూర్చున్నాడు. చెన్సా వీధి తలుపులు రెండూ బార్లా తెరిచింది. గాలి కోసమట!

"ఎలా ఉన్నారు చెన్సాగారూ? మోకాళ్ళ నొప్పులు తగ్గాయా? సాల్వుగారు బావున్నారా?"

పెళ్ళినాటి కప్పులు దిగాయి. ఆయన తేనె కడియం తిన్నాడు, రెండోది తిన్నాడు. చెన్సా మూడోది కూడా పెట్టింది. అదీ తిన్నాడు! ఎదురింటి కిటికీ తెర కదిలింది. ఆ తెర కదలడం చూశాక చెన్సాకు కలిగిన ఆనందం ఇంతా అంతా కాదు. కూతురు పుట్టినప్పుడు కూడా ఆమె అంత సంతోషపడలేదేమో, పాపం శమించుగాక.

"మా అమ్మాయి బదిలీ, డాక్టరుగారూ. 'చూస్తాను, గుర్తుంది' అంటే కుదరదు ఈసారి."

ఆయన అక్కడే, ఆ సోఫాలోనే ఫోను తీశాడు. "ఆ ఖాళీ ఇంకా ఉందా? ఎవరూ, నదూర్ ఊరి ఆవిడ కూతురా? ఫర్వాలేదు, ఆవిడ మన మనిషే. ఆవిడకు మనం తర్వాత చెప్పుకోవచ్చు. ముందిది చూడు." ఫోను పెట్టేసి చెన్సా వైపు తిరిగి చేతులు జోడించాడు. "ఇక కాగితం తెచ్చుకుంటారుగా?"

ఆ మధ్యాహ్నమే చెన్సా స్టేషనుకు వెళ్ళి కాగితం తెచ్చుకుంది. వస్తూ వస్తూ రోజినా గుమ్మం ముందు చెప్పులో రాయి పడ్డట్టు ఆగి, చెప్పు దులుపుకుని మరీ వచ్చింది. జెండా కూడా మళ్ళీ మేడెక్కింది.

పోలింగు రోజు వచ్చింది. చెన్సా ఎప్పటిలాగే చీకటితో లేచి, తల దువ్వుకుని, మంచి గౌను వేసుకుని, వాకిట్లో నిలబడింది. తెల్లవారాక పార్టీ కారు వీధిలోకి తిరిగింది. చెన్సా రెండడుగులు ముందుకు వేసింది.

కారు ఎదురింటి ముందు ఆగింది.

రోజినా బయటికి వచ్చింది, మెడలో పార్టీ బిళ్ళతో. డ్రైవరు పక్కన కూర్చుని, ఏ ఇంటి ముందు ఆగాలో చేత్తో చూపించడం మొదలుపెట్టింది. అప్పుడు చెన్సాకు అర్థమైంది. కాగితం తీసుకోని రోజునే తను పార్టీవాళ్ళ లెక్కలో ఊగిసలాడే జనంలోకి జారిపోయింది. అలాంటి మనిషి చేతికి వీధిని ఎవరప్పగిస్తారు? వెతగ్గా వెతగ్గా వాళ్ళకు రోజినా దొరికింది. డాక్టరు కేకు రెండో ముక్క తిన్న నాటి నుంచీ అటూ ఇటూ కదలని రోజినా!

ముసలి నెనా మామ్మను, పక్షవాతం వచ్చిన విస్తిన్ తాతను, చెన్సా ఇన్నేళ్ళూ చేయి పట్టుకుని నడిపించిన వాళ్ళందర్నీ రోజినా చేయి పట్టుకుని నడిపించింది. అదీ తప్పుగా పట్టుకుంది. తాతకు ఎడమ పక్క పట్టు ఉండదని ఆవిడకేం తెలుసు?

పొద్దెక్కాక రోజినా వచ్చి చెన్సా తలుపు తట్టింది. "ఓటేశావా వదినా?"

"నన్నడుగుతున్నావా? నన్నా?"

"నేనెందుకడుగుతాను? నీ ఓటు అనుమానమట, వెళ్ళి చూసి రమ్మన్నారు. కారు కావాలా?"

"నా కాళ్ళు పడిపోలేదు!"

చెన్సా ఒక్కతే నడిచి వెళ్ళి, ఒక్కతే ఓటేసి, ఒక్కతే తిరిగి వచ్చింది. ఇన్నేళ్ళలో ఆ దారిలో ఒంటరిగా నడవడం అదే మొదటిసారి. ఓటు మాత్రం డాక్టరుకే వేసింది, మరొకరికి వెయ్యడం ఆమె చేతికి రాదు.

పార్టీ గెలిచింది. డాక్టరూ గెలిచాడు. ఈస్టరు వెళ్ళాక గ్రాజియెల్లాకు బదిలీ ఉత్తర్వు కూడా వచ్చింది. ఇప్పుడు పిల్ల తల్లిని అమ్మా అని, చెన్సాను అమ్మమ్మా అని సరిగ్గానే పిలుస్తోంది. చెన్సా ఆశపడ్డది ఇదే. ఇదే దక్కింది. కాదనడానికి లేదు.

ఓ సాయంత్రం గ్రాజియెల్లా అంది. "అమ్మా, ఆ సీటు నదూర్ అమ్మాయికి రావలసిందట. వాళ్ళమ్మ మనలాగే, పుట్టినప్పటి నుంచీ పార్టీ మనిషట. పాపం, ఆ అమ్మాయి ఇంకా పడవ మీదే పోతోంది."

ఒక్క క్షణం చెన్సాకు ఎవరో తెలియని ఆ ఇంట్లో, ఎవరో తెలియని ఆ తల్లి పళ్ళెంలో కడియాలు సర్దుతూ కనబడింది. అంతలో వీధిలో కారు ఆగిన చప్పుడైంది. ఆమె ఆ తల్లిని అక్కడే వదిలేసి గుమ్మంలోకి పరుగెత్తింది.

డాక్టరు ధన్యవాదాలు చెప్పుకుంటూ ఇల్లిల్లూ తిరుగుతున్నాడు. మొదట చెన్సా ఇంటికే వచ్చాడు, సోఫాలో వెన్ను నిటారుగా పెట్టి కూర్చున్నాడు. "అంతా అనుకున్నట్టు జరిగిందిగా చెన్సాగారూ? ఇంకేమైనా ఇబ్బంది ఉందా?" కాఫీ తాగాడు, కడియం తిన్నాడు, దండం పెట్టాడు. వియ్యాలవారింట్లో మర్యాదకు కూర్చున్న మనిషిలా ఉన్నాడు.

తర్వాత వీధి దాటి ఎదురింటికి వెళ్ళాడు. గుమ్మంలోనే ఆగి, తలుపు మీద ఒక చెయ్యి వేసి, "రోజినా! నువ్వు ఇంటిమనిషివి. నీకు నేను చెప్పేదేముంది?" అన్నాడు. అని నవ్వుతూ ఆమె భుజం తట్టి కారెక్కాడు.

ఆ చెయ్యి తన తలుపు మీద ఉండాల్సింది. చెన్సాకు కడుపులో మళ్ళీ నిప్పులు పడ్డాయి. ఈసారి నిప్పుకు కూతురి కష్టం అన్న సాకు కూడా లేదు.

చీకటి పడకముందే రోజినా వచ్చి ఆమె పక్కన చప్టా మీద కూలబడింది. మొహం మాడిపోయి ఉంది.

"చూశావా వదినా? నిలబడి నిలబడే పోయాడు! మా ఆయనకు మోకాలి ఆపరేషను ఎన్నాళ్ళుగా వెనక్కి పెడుతున్నారో చెబుదామనుకున్నా. 'గుర్తుంది, గుర్తుంది' అన్నాడు. నేను రోజంతా ఎండలో కార్లో తిరిగి చచ్చానే! నీ సోఫాలో మాత్రం దిగబడిపోయాడు. ఏం చేశావేంటి నువ్వు? నిజం చెప్పు."

ఇన్నేళ్ళ కాపురంలో రోజినా ఆమెను సలహా అడగడం ఇదే మొదటిసారి. చెన్సా లేసు దిండు పక్కన పెట్టింది. ఎదురింటి గుమ్మం వైపు, డాక్టరు చెయ్యి వేసిన ఆ తలుపు వైపు చాలాసేపు చూసింది. తర్వాత ఆడపడుచు వీపు మీద మెల్లగా చెయ్యి వేసి నిమిరింది.

"ఈసారి పోలీసు వచ్చినప్పుడు తలుపు తియ్యకే రోజీ. ఎంత కొట్టినా తియ్యకు."

రోజినా కళ్ళలో నీళ్ళు తిరిగాయి. "నువ్వు నా మంచి కోరేదానివని నాకెప్పుడూ తెలీలేదు వదినా," అంది.