ఓర్లా యెవరి పక్షము

రేవునందలి ఓడలపనివారి మహాయంత్రముల శిరస్సులను సన్నని చినుకు గప్పివేయ ఎఱ్ఱయిటుకల యిండ్ల పొగగొట్టములనుండి వెడలు బొగ్గుపొగ వీథులపైకి వ్రాలుచున్న యొక హేమంతసాయంకాలమున బెల్‌ఫాస్టు నగరమందలి టెలివిజను శాలలో ఐర్లండు జాతీయతను గూర్చియు మతకలహములను గూర్చియు చర్చ యారంభమయ్యెను.

ద్వారముకడ నిలిచిన యువతి వచ్చువారి మతము నడుగలేదు. ఆ యూర నట్లడుగుట మర్యాద కాదు. "ఏ బడిలో జదివితిరి?" అని యడిగి దానినిబట్టి కాథలిక్కులను ఎడమవైపునను ప్రొటెస్టెంట్లను కుడివైపునను గూర్చుండబెట్టుచుండెను. బడిపంతులగు కార్మక్ డెవ్లిన్ తన బడిపేరు చెప్పి యెడమవరుసను జేరెను. ఎనిమిది మాసములక్రిందట కాథలిక్కుల పక్షమున పోరాడు జాతీయవాదులు పెట్టిన బాంబు చెప్పులదుకాణమున బ్రేలి యాతని యేకపుత్రిక ఓర్లాను బలిగొనెను. ఆ పక్షనాయకుడగు క్విగ్లీ వేదికపై నాసీనుడై యుండెను. "మావారే చంపిరి" యను నొక్కమాట యాతని నోట వినవలెననియే కార్మక్ వచ్చెను.

తన వంతు రాగానే లేచి "అయ్యా, గత మార్చిలో నా కూతురు ఓర్లా బాంబువలన మరణించినది. దానికి మీరేమందురు?" అని యడిగెను.

ఓర్లా యను కాథలిక్కు పేరు విని, యాతడు నిలిచిన యెడమవరుస చూచిన క్విగ్లీకి అంతకుమించి తెలిసికొనవలసినది తోపలేదు. ఱొమ్ముపై చేయి యుంచి "సోదరా! ఓర్లా మా జాతికంతకు బిడ్డ. ఆ రక్తము ఎదుటివరుసవారి చేతులనుండి యెన్నటికిని పోదు" అనెను. ఎడమవరుస చప్పట్లతో మాఱుమ్రోగెను. ప్రక్కనున్న వృద్ధుడు కార్మక్ భుజముపై చేయి వేసెను.

"బాంబు పెట్టినది మీవారే. మఱునాడు పత్రికలకు లేఖ వ్రాసి యొప్పుకొన్నదియు మీవారే."

వృద్ధుడు చేయి తీసికొనెను. ఇప్పుడు కుడివరుస చప్పట్లు చఱచెను. "మాటాడవేమి క్విగ్లీ! నాలుక పడిపోయెనా?" యని యొకడు కేకవేయ తక్కినవారు పకపక నవ్విరి. వారి నాయకుడు స్టర్లింగ్ మిక్కిలి వినయముతో "పంతులుగారూ, అమ్మాయి ఫోటో మాకిండు. ఊరి గోడలన్నిట నతికింతుము" అనెను.

"అటులనే. ఓర్లా పోవుటకు ముందువారము మీవారు కాల్చి చంపిన మెకార్టన్ నా బడిలో గణితము చెప్పువాడు. ఆయన ఫోటోయు నిత్తును. ప్రక్కప్రక్కనే యతికింపుడు."

నవ్వులాగిపోయెను. స్టర్లింగ్ తన కాగితములను సవరించుకొనెను. కార్మక్ మరల క్విగ్లీ వంక దిరిగి నిలిచెను.

క్విగ్లీ నీళ్లగ్లాసు నెత్తి మెల్లగా ద్రాగెను. సభయంతయు వేచియుండెను. కడపటి గుటకవఱకు ద్రాగి గ్లాసు దింపి యాతడు వెనుకవరుసలో చేయెత్తిన వేఱొకని జూపి "మీ ప్రశ్న యేమి?" అనెను.